ఆటకూ ఆటకూ మధ్య మిగిలేదేమిటి?

పిల్లలూ! మీరు గోళీలాట ఆడే ఉంటారు. ఆట ముగిసేసరికి గెలుచుకున్న గోళీలను జేబులో వేసుకుని ఇంటికి పోతారు. మర్నాడు వాటితోనే మళ్ళీ ఆడతారు. నిన్న గెలిచిన గోళీ ఇవాళ పనికివస్తుంది. కాని వైకుంఠపాళిలో అలా జరగదు. నిన్న మీరు పెద్ద నిచ్చెన ఎక్కి పరమపదం చేరినా సరే, ఇవాళ మళ్ళీ ఒకటో గడి నుంచి మొదలుపెట్టవలసిందే. నిన్నటి నిచ్చెన ఇవాళ్టికి రాదు.

చూశారా? ఆటలన్నీ ఒకలాటివి కావు. కొన్నిటిలో సంపాదించినది తరవాతి ఆటకు వస్తుంది, కొన్నిటిలో రాదు. కంప్యూటరు మీద ఆడే ఆటల్లో ఈ రెండు పద్ధతులూ కలిసి ఉంటాయి. అక్కడ ఏది వస్తుంది, ఏది రాదు, ఎందువల్ల అన్నది తెలుసుకుంటే చాలా వినోదంగా ఉంటుంది. ఇందుకు ఒక చక్కని ఆటను ఉదాహరణగా తీసుకుందాం.

ఆ ఆట పేరు ‘ప్లాంట్స్ వర్సెస్ జాంబీస్’. అంటే మొక్కలకూ జాంబీలకూ యుద్ధమన్నమాట. అమెరికాలో సియాటిల్ నగరంలోని పాప్‌క్యాప్ అనే సంస్థ 2009లో దీన్ని విడుదల చేసింది. దీన్ని రూపొందించినవాడు జార్జ్ ఫాన్. జాంబీ అంటే లేచి నడిచే శవం. ఈ మాట హైటీ దేశపు జానపద కథల నుంచి ప్రపంచమంతా పాకింది. శవాలు లేవటం మనకు కొత్త కాదు. మన బేతాళుడు కూడా శవంలో దూరినవాడే గదా! అయితే బేతాళుడు కథలు చెప్పి చిక్కు ప్రశ్నలు వేస్తాడు. జాంబీకి అంత తెలివి లేదు. కాళ్ళీడ్చుకుంటూ ఇంటి మీదికి రావటం, మనిషి మెదడు తినాలని చూడటం తప్ప దానికి మరేమీ తెలియదు.

మీ ఇంటి ముందు పచ్చిక ఉన్నది. అది అయిదు వరసలు, వరసకు తొమ్మిది గడులు. జాంబీలు కుడివైపు నుంచి వస్తాయి. మీరు గడుల్లో మొక్కలు నాటి వాటిని ఆపాలి. బఠానీ మొక్క సుమారు ఒకటిన్నర సెకండుకు ఒకసారి బఠానీ గింజను తుపాకి గుండులా ఉమ్ముతుంది. మామూలు జాంబీ పడిపోవటానికి పది గింజలు తగలాలి.

మొక్క నాటటానికి ‘ఎండ’ కావాలి. పొద్దుతిరుగుడు మొక్కలు ఎండను తయారుచేస్తూ ఉంటాయి. ఒక్కొక్క సూర్యబింబాన్ని పట్టుకుంటే 25 ఎండ వస్తుంది. బఠానీ మొక్కకు 100 ఎండ కావాలి. ఒకేసారి రెండు గింజలు ఉమ్మే రిపీటర్ అనే మొక్కకు 200 కావాలి. ఆ రిపీటర్ మీద మరొక 250 ఎండ ఖర్చుపెడితే అది గాట్లింగ్ బఠానీ అవుతుంది. ఇది ఒక్కసారికి నాలుగు గింజలు ఉమ్ముతుంది! రిచర్డ్ గాట్లింగ్ అనే అమెరికా దేశస్థుడు 1862లో పేటెంటు పొందిన, తిరిగే గొట్టాల తుపాకి పేరే దీనికి పెట్టారు.

ఇక్కడ ఒక చిన్న లెక్క చెయ్యండి. బఠానీ మొక్కలో ఒక గింజకు పడే ఖర్చు 100. రిపీటరులోనూ అంతే. గాట్లింగ్ బఠానీకి మొత్తం 450 ఖర్చు గనక, నాలుగు గింజలకు పంచితే ఒక్కొక్క దానికి నూటపన్నెండున్నర పడుతుంది. అంటే గింజ ఖరీదు పెరిగిందే కాని తగ్గలేదు! మరి దీనివల్ల లాభమేమిటి? చోటు. వరసలో తొమ్మిది గడులే ఉన్నాయి. నాలుగు మొక్కలు చేసే పనిని ఒకే గడిలో నిలబడి చేసేదానికి విలువ ఎక్కువ. బస్తీలో ఇరుకు స్థలం ఉన్నవాడు పైకి మేడ కట్టుకోవటం లాటిదే ఇది.

ఇప్పుడు అసలు సంగతికి వద్దాం. మీరు కష్టపడి మూడు గాట్లింగ్ బఠానీలు నాటారు. జాంబీలన్నీ పడిపోయాయి. ఆ ఘట్టం గెలిచారు. తరవాతి ఘట్టం మొదలయేసరికి, అయ్యో! పచ్చిక అంతా ఖాళీ. మూడు గాట్లింగులూ మాయం. మీరు కూడబెట్టిన ఎండ కూడా లేదు. చేతిలో ఉన్నది 50 ఎండ మాత్రమే. మళ్ళీ పొద్దుతిరుగుడు మొక్కతో మొదలుపెట్టవలసిందే.

అయితే అంతా పోయినట్టు కాదు. జాంబీలు పడిపోయేటప్పుడు అప్పుడప్పుడు నాణాలు రాలుతాయి. వెండి నాణెం విలువ 10, బంగారు నాణెం విలువ 50, వజ్రం విలువ 1000. ఇవి ఘట్టం మారినా పోవు. నెత్తిన గిన్నె బోర్లించుకుని తిరిగే డేవ్ అనే పిచ్చి పొరుగువాడు ఒక అంగడి నడుపుతాడు. గాట్లింగ్ బఠానీ విత్తనాల పొట్లం ఆ అంగట్లో 5000కు దొరుకుతుంది. ఒకసారి కొంటే అది ఎప్పటికీ మీదే.

గమనించండి. తరవాతి ఘట్టానికి వచ్చినది నాటిన మొక్క కాదు, ఆ మొక్కను నాటుకునే హక్కు. ఎండ ఖర్చు మాత్రం ప్రతిసారీ మళ్ళీ పెట్టవలసిందే. వంట నేర్చుకున్నవాడికి విద్య పోదు గాని, నిన్న వండిన అన్నం ఇవాళ్టికి ఉండదు గదా!

ఈ ఆటలో ఇంకా చాలా రకాల ఆటలున్నాయి. ‘అడ్వెంచర్’ అనే సాహసయాత్రలో 50 ఘట్టాలు. పగలు, రాత్రి, ఈతకొలను, పొగమంచు, ఇంటికప్పు—ఒక్కొక్కచోట పది. ‘సర్వైవల్’ అనే ఆటలో జాంబీలు విడతలు విడతలుగా వస్తాయి. ఇక్కడ విడతకూ విడతకూ మధ్య నాటిన మొక్కలు చెక్కుచెదరకుండా నిలిచి ఉంటాయి, ఎండ కూడా నిలిచి ఉంటుంది. డేవ్ దగ్గర కొన్న గాట్లింగ్ పొట్లం ఇక్కడా పనిచేస్తుంది. కాని అంతులేని సర్వైవల్‌లో ఒక మెలిక పెట్టారు. పచ్చిక మీద ఒక్కొక్క గాట్లింగ్ ఉన్నకొద్దీ తరవాతి దాని ధర 50 చొప్పున పెరుగుతుంది. మొదటిది 250, రెండవది 300, మూడవది 350. లేకపోతే పచ్చికంతా గాట్లింగులతో నింపి కూచుంటారు, ఇక ఆలోచించవలసిన పనే ఉండదు.

చిన్న ఆటల్లో మరొక వింత ఉన్నది. అక్రోట్ కాయలను దొర్లించి జాంబీలను పడగొట్టే ఆటలో, కదిలే పట్టీ మీద వచ్చిన కాయలనే మీరు వాడాలి. మీ దగ్గర గాట్లింగ్ పొట్లం ఉన్నా దాన్ని బయటికి తియ్యనివ్వరు. ‘ఐ, జాంబీ’ అనే ఆటలో అయితే మీరే జాంబీలను నడిపిస్తారు. అక్కడ బఠానీ మొక్కలు మీకు శత్రువులు! కాని ఈ ఆటల్లో సంపాదించిన నాణాలు కూడా అదే సంచిలో పడతాయి. అంటే నాణాలకు అన్ని గుమ్మాలూ తెరిచే ఉంటాయి, మొక్కలకు కొన్ని గుమ్మాలు మూసి ఉంటాయి.

కంప్యూటరుకు ఇదంతా ఎలా గుర్తుంటుంది? మీకు పలకా, పుస్తకమూ ఉన్నాయి గదా. పలక మీద త్వరగా రాసి త్వరగా చెరిపేస్తారు. పుస్తకంలో రాసినది నిలిచిపోతుంది. కంప్యూటరుకు కూడా ఇలాటివి రెండున్నాయి. ‘రామ్’ అనే జ్ఞాపకం పలక వంటిది. అది చాలా చురుకైనది, కాని విద్యుత్తు ఆగిపోతే దానిలో ఉన్నదంతా చెరిగిపోతుంది. డిస్కు పుస్తకం వంటిది, విద్యుత్తు లేకపోయినా అందులో రాసినది ఉంటుంది. మీరు ఆడుతున్నంతసేపూ ఎండ లెక్కా, ఏ గడిలో ఏ మొక్క ఉన్నదన్నదీ పలక మీద ఉంటాయి. నాణాల లెక్కా, కొన్న పొట్లాల జాబితా మీ పేరుతో ఉన్న పుస్తకంలోకి ఎక్కుతాయి.

కాబట్టి ఒక ఆట మరొక ఆటకు వస్తువులను మోసుకుపోయి ఇవ్వదు. అన్ని ఆటలూ ఒకే పుస్తకాన్ని తెరిచి చూస్తాయి. సర్వైవల్ ఆ పుస్తకంలో గాట్లింగ్ పేరు ఉన్నదా అని చూస్తుంది. అక్రోట్ ఆట ఆ పేజీ వంకే చూడదు. ఏ ఆట ఏ పేజీ చూడాలో నిర్ణయించేవాడు ఆటను తయారుచేసినవాడు.

పూర్వపు కంప్యూటరు ఆటల్లో చాలావాటికి ఈ పుస్తకం లేదు, పలక మాత్రమే ఉండేది. 1978లో జపానులో వచ్చిన ‘స్పేస్ ఇన్వేడర్స్’ యంత్రం అందరికన్నా ఎక్కువ పాయింట్లు తెచ్చుకున్నవాడి లెక్కను గుర్తుంచుకునేది. కాని మీట నొక్కి ఆపేస్తే ఆ లెక్క కాస్తా మాయం! 1986లో జపానులోనే ‘డ్రాగన్ క్వెస్ట్’ అనే ఆట మరొక ఉపాయం చేసింది. ఆట ఆపేటప్పుడు అది 20 అక్షరాల మంత్రం ఒకటి చూపేది. దాన్ని పిల్లలు కాగితం మీద రాసుకుని, మళ్ళీ ఆడేటప్పుడు అప్పచెప్పాలి. ఒక్క అక్షరం తప్పు రాసుకున్నారా, రోజుల తరబడి పడిన శ్రమ గాలికి పోయినట్టే! 1987లో అమెరికాకు వచ్చిన ‘ది లెజెండ్ ఆఫ్ జెల్డా’ ఆటపెట్టెలో ఒక చిన్న బ్యాటరీ పెట్టారు. పలక మీది రాత చెరిగిపోకుండా అది కాపలా కాసేది. ఆ బ్యాటరీ ప్రాణం పోతే రాత కూడా పోయేది.

పెద్దల కోసం తయారుచేసిన జాంబీ తుపాకి ఆటల్లో కూడా ఈ సమస్యే వచ్చింది. ఆ ఆటలు భయంకరమైనవి, పిల్లలు ఆడదగినవి కావు. కాని వాటిలోని ఏర్పాటు తెలుసుకోవటంలో తప్పు లేదు. 2005లో వచ్చిన ‘రెసిడెంట్ ఈవిల్ 4’లో ఒక వర్తకుడు తుపాకులకు పదును పెడతాడు. కథ పూర్తిచేసి మళ్ళీ మొదటి నుంచి ఆడితే ఆ బలిసిన తుపాకులు మీ వెంట వస్తాయి. కాని అందులోనే ‘మెర్సినరీస్’ అనే పోటీ ఆటలో అవి రావు. అక్కడ ఒక్కొక్క పాత్రకు ఇన్ని ఆయుధాలని ముందే నిర్ణయించి ఉంటుంది. 2012లో వచ్చిన ‘కాల్ ఆఫ్ డ్యూటీ: బ్లాక్ ఆప్స్ 2’లోని ఒక జాంబీ ఆటలో బ్యాంకు ఒకటీ, తుపాకుల బీరువా ఒకటీ పెట్టారు. ఇవాళ దాచిన పాయింట్లూ తుపాకీ మరొకసారి ఆడేటప్పుడు తీసుకోవచ్చు.

అన్నీ ఒకలా ఎందుకు పెట్టలేదని మీరడగవచ్చు. కథలో మీరు ఒంటరిగా ఆడతారు. మీ బలం పెరిగితే నష్టపోయేవాడు లేడు. పోటీలో అలా కాదు. నెల రోజులు ఆడి ఆయుధం పెంచుకున్నవాడితో, నిన్ననే చేరినవాడు ఎలా పోటీపడతాడు? అప్పుడు గెలిచేది నేర్పు కాదు, మూట. అందుకని పోటీలో అందరినీ ఒకే గీత మీద నిలబెడతారు. అలాగని ఎక్కడా ఏమీ మిగలకపోతే పడిన శ్రమ వృథా అనిపించి, ఆడేవాడికి ఉత్సాహం చచ్చిపోతుంది. ఈ రెంటికీ మధ్య దారి వెతకటమే ఆట తయారుచేసేవాడి విద్య. మన మొక్కల ఆటలో సాహసయాత్రను రెండవసారి మొదలుపెడితే నాణాలూ పొట్లాలూ అన్నీ ఉంటాయి. కాని ఘట్టానికి మూడు మొక్కలను డేవే తన పిచ్చి కొద్దీ ఎంచి పెడతాడు! బలమైనవాడికి కూడా కొంచెం ఇబ్బంది ఉండాలని ఆ ఏర్పాటు.

ఇక్కడ మీకొక హెచ్చరిక. 2009 నాటి కంప్యూటరు ఆటలో నాణాలు ఆడి సంపాదించుకునేవి. 2013లో వచ్చిన ఈ ఆట రెండవ భాగం ఉచితంగా ఇచ్చారు, కాని కొన్ని మొక్కలను నిజమైన డబ్బుకు అమ్మారు. ఇప్పుడు ఫోనుల్లో ఇలాటి ఆటలు చాలా ఉన్నాయి. ఆటలో రాలిన నాణెం ఖర్చుపెడితే పోయేది ఆటలోనిదే. నాన్నగారి ఫోనులో కొనే మీట నొక్కితే పోయేది ఇంట్లోని డబ్బు. నాణెం బొమ్మ రెండుచోట్లా ఒకలాగే మెరుస్తుంది. అందుచేత ఏది ఏ సంచిలోదో పెద్దలను అడగకుండా నొక్కకండి.

చివరికి ఒక పరీక్ష చెప్తాను. నలుగురు కూడి వైకుంఠపాళి అయిదు ఆటలు ఆడండి. మొదటి రోజు మామూలుగా ఆడండి. రెండవ రోజు, గెలిచినవాడు తరవాతి ఆటను ఇరవయ్యో గడి నుంచి మొదలుపెట్టాలి, మళ్ళీ గెలిస్తే నలభయ్యో గడి నుంచి. మూడవ రోజు, గెలిచినవాడికి ఒక చింతగింజ ఇవ్వండి. అది ఇచ్చేసి, ఎప్పుడైనా ఒక్కసారి పందెం మళ్ళీ వేసుకోవచ్చు. ఏ రోజున ఎవరు ముందు అలిగి లేచిపోయారో, ఏ రోజున అయిదు ఆటలూ అయాక “ఇంకొక్కటి!” అన్నారో కాగితం మీద రాసి పెట్టుకోండి. పలక మీద రాయకండి, చెరిగిపోతుంది సుమా!