కల్లు సీసాలో ఏముంది?

మా పొలం గట్టున ఈతచెట్లున్నాయి. తెల్లవారుజామున గౌండ్లాయన లొట్టి దించితే కల్లు తియ్యగా ఉంటుంది. పొద్దెక్కేకొద్దీ ఈస్ట్ అందులోని చక్కెరను ఆల్కహాలుగా మారుస్తుంది. ఎంత పులిసినా ఆల్కహాలు నూటికి 5 పాళ్ళ ప్రాంతమే. ఆపైన నిలవుంచితే పుల్లబడిపోతుంది.

హైదరాబాదు బస్తీలో చూసిన కల్లు వేరు. నా అద్దెగది వెనక మురికికాలువ, దాని పక్కన రేకుల ఇళ్ళు. ఆడా మగా పొద్దున్నే అడ్డామీద కూలికి నిలబడతారు. పని దొరికినా దొరక్కున్నా సాయంత్రం కల్లు కాంపౌండుకు పోవాల్సిందే. "తాగకుంటే చేతులు వణుకుతయి బిడ్డా, నిద్ర రాదు" అన్నదొక అవ్వ. "రేపట్నించి మానెయ్ అవ్వా" అని సలహా చెప్పి వచ్చాను. అదెంత ప్రమాదకరమైన సలహానో తర్వాత చదివితే తెలిసింది.

నగరంలో చెట్లు తక్కువ, తాగేవాళ్ళెక్కువ. అందుచేత నీళ్ళు, తీపికి సాక్రిన్, మత్తుకు క్లోరల్ హైడ్రేట్, డైజిపామ్, అల్ప్రాజోలం కలుపుతారు. ఇవి నిద్రమందులు. మెదడులో నరాల ఉద్రేకాన్ని అణచే 'గాబా' అనే రసాయనం పనిని ఇవి పెంచుతాయి. రోజూ తాగితే మెదడు ఆ మందుకు అలవాటుపడి, తన సొంత అదుపును సడలించుకుంటుంది. మందు హఠాత్తుగా ఆగితే వణుకు, నిద్రలేమి, మతిభ్రమ, ఫిట్స్ వస్తాయి. ప్రాణమూ పోవచ్చు.

2015లో జరిగిందిదే. దాడుల వల్ల కల్తీ ఆగగానే నిజామాబాదు, మెదక్, మహబూబ్‌నగర్ జిల్లాల్లో ఎంతోమంది ఆసుపత్రుల పాలయ్యారు. ఎర్రగడ్డ మానసిక వైద్యాలయానికీ చాలామందిని తెచ్చారు. మోతాదు మించినా ముప్పే: 2025 జూలైలో కూకట్‌పల్లి ప్రాంతంలో కల్తీ కల్లు తాగి పలువురు చనిపోయారు. నగరంలో కల్లు దుకాణాలను 2004లో మూశారు, 2014లో తెరిచారు. మూసినా తెరిచినా, ఒళ్ళునొప్పులూ దిగులూ మరిచిపోవడానికి బస్తీకి మరో దారి మాత్రం ఎవరూ చూపలేదు.

కాబట్టి వీళ్ళను తాగుబోతులని తిట్టి లాభం లేదు. ఇది రోగం. వైద్యుని పర్యవేక్షణలో మందు మోతాదును కొన్ని వారాలపాటు కొద్దికొద్దిగా తగ్గిస్తూ మాన్పించాలి. ఈ సంగతి చెప్పడానికి మళ్ళీ అవ్వ దగ్గరికి పోయాను. "ఒక్కసారే మానకు, పెద్దాసుపత్రికి పోదాం" అన్నాను.

"పోతే ఆ దినం కూలి ఎవరిస్తరు బిడ్డా?" అనడిగింది.

దానికి జవాబు నా కెమిస్ట్రీ పుస్తకంలో లేదు. సెలవురోజున నేనే వెంట తీసుకుపోతానన్నాను. వస్తానన్నది.