రీపొజెషన్

వాయిదాలు కట్టలేదని ఫైనాన్స్ సంస్థ వాహనాన్ని స్వాధీనం చేసుకోవడమే రీపొజెషన్. ఒప్పందంలో షరతు ఉంటే ఈ హక్కు సంస్థకు ఉంటుంది. కానీ నడిరోడ్డు మీద బండి ఆపి తాళాలు లాక్కోవడం ఆ హక్కులో భాగం కాదు. కండబలంతో వసూళ్లు చేయించరాదని 2007లో ప్రకాశ్ కౌర్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది.

స్వాధీనానికి ముందు ఎన్నాళ్ల నోటీసు ఇస్తారు, అమ్మకానికి ముందు చివరి అవకాశం ఎలా ఇస్తారు అన్నవి ఒప్పందంలోనే రాయాలన్నది బ్యాంకేతర ఫైనాన్స్ సంస్థలకు (ఎన్‌బీఎఫ్‌సీలకు) రిజర్వు బ్యాంకు (ఆర్‌బీఐ) నిబంధన. సంతకం పెట్టేటప్పుడు ఆ కాగితాలు చదివేవాళ్లు ఎందరు? సంస్థలకు కలిసొచ్చేది ఇదే. నిబంధనలున్నా 2022లో జార్ఖండ్‌లోని హజారీబాగ్‌లో ట్రాక్టర్ స్వాధీనం సందర్భంగా ఓ గర్భిణి ప్రాణం పోయింది. ఆ తర్వాత, ఆ ట్రాక్టర్‌కు అప్పిచ్చిన మహీంద్రా ఫైనాన్స్ బయటి ఏజెంట్లతో వసూళ్లు చేయించకుండా ఆర్‌బీఐ కొన్ని నెలలు అడ్డుకుంది.

బలవంతంగా తీసుకెళ్తే పోలీసులకు ఫిర్యాదు చేయవచ్చు. సంస్థకు రాతపూర్వకంగా ఫిర్యాదిచ్చి, 30 రోజుల్లో జవాబు రాకపోతే, లేదా వచ్చిన జవాబు సరిపోకపోతే, ఆర్‌బీఐ అంబుడ్స్‌మన్‌ను ఆశ్రయించవచ్చు, రుసుము లేదు. పరిహారం కోసం వినియోగదారుల కమిషన్ ఉంది. అయితే వాహన స్వాధీనంపై 2020లో మాగ్మా ఫిన్‌కార్ప్ కేసులో వచ్చిన సుప్రీంకోర్టు తీర్పు చూశాక ఒకటి చెప్పాలి: వాయిదాలు ఎగ్గొట్టినవారికి కోర్టు సానుభూతి అంత తేలిగ్గా దక్కదు. బాకీ ఎలాగూ రద్దు కాదు. అందుకే రసీదులు, ఒప్పంద ప్రతి, ఏజెంట్ల ఫోన్ సందేశాలు భద్రపరచుకోండి. బండి అమ్మేయకముందే కదలండి.