వంత పాడని గిటార్

గిటార్ మీటుతూ పాడేవాళ్లలో చాలామంది గిటార్‌తో చేయించేది వంత పనే. గొంతు ఎటు పోతే అది అటు, లయ తప్పకుండా వెనకాల నడుస్తుంది. అమెరికన్ బ్లూస్ గాయకుడు బీబీ కింగ్ తన గిటార్‌ను ఆ పనికి పెట్టలేదు. పాడుతున్నంతసేపూ చేతులు ఊరుకుంటాయి. గొంతు ఆగినప్పుడే తీగ నోరు విప్పుతుంది. రెండూ కలిపి చేయడం తనకు రాదనీ, మూడు నాలుగు స్వరాలను ఒక్కసారిగా మోగించే కార్డ్స్ మీద తనకు పట్టు లేదనీ ఆయనే చెప్పుకున్నాడు. పెద్దాయన వినయం అని నవ్వి వదిలేస్తుంటారు. కానీ అరవై ఏళ్లకు పైగా నడిచిన ఆ కచేరీ జీవితానికి ఆయువుపట్టు ఆ రాకపోవడంలోనే ఉంది.

1925లో మిసిసిపీ పత్తి చేల మధ్య పుట్టిన ఈ కింగ్‌కు (అసలు పేరు రైలీ) మొదటి కార్డ్స్ నేర్పింది గిటార్ వాయిస్తూ ప్రసంగించే ఒక పాస్టర్. ఆ చర్చిలో బోధకుడు ఒక మాటంటే జనం దానికి బదులిస్తారు. ఈ అనడం, బదులివ్వడం ఆయన సంగీతంలోకి అలాగే నడిచొచ్చాయి. మెంఫిస్ చేరాక, తీగల మీద స్లైడ్ అనే గొట్టం జార్చి ఏడిపించే బంధువు బుక్కా వైట్ విద్య ఎంత ప్రయత్నించినా పట్టుబడలేదు. ఆ నాదాన్ని వేలితోనే రాబట్టే దారి వెతుక్కున్నాడు. చూపుడు వేలు తీగను నొక్కిపడుతుంది, బొటనవేలు గిటార్ మెడను వదిలేస్తుంది, మిగతా వేళ్లు విచ్చుకుని చెయ్యంతా మణికట్టు దగ్గర్నుంచి అల్లల్లాడుతుంది. పలికేది ఒక్కటే స్వరం. గమకం ఎరిగిన మన చెవికి అది గొంతు చేసే పనేనని ఇట్టే తెలుస్తుంది. ఆ ఒక్క స్వరం నిలవడం ఎంత ముఖ్యమంటే, ధ్వని పెంచినప్పుడు బోలు గిటార్ ఊళపెట్టకుండా లోపల గుడ్డలు కుక్కేవాడు. 1980లో గిబ్సన్ కంపెనీ ఆయన కోసం పైన రంధ్రాలే లేని ‘లూసిల్’ అనే గిటార్‌ను తయారుచేసింది.

వెనక జీతాలిచ్చి పోషించిన బృందం ఉంది కాబట్టే ఈ దర్జా చెల్లింది అనేవాళ్లున్నారు. అందులో నిజముంది. ఒంటరిగా కూర్చుని 29 పాటలు రికార్డు చేసిన బ్లూస్ గాయకుడు రాబర్ట్ జాన్సన్ తాళం, మంద్రం, పాట అన్నీ తానే మోయాల్సొచ్చింది. కానీ బృందం ఊరికే రాలేదు. దాన్ని నిలబెట్టడానికి కింగ్ 1956 ఒక్క ఏడాదే 342 ప్రదర్శనలిచ్చాడు. పైగా అంతమంది వెనక వాయిస్తుంటే ఇంకొకడైతే తన వేళ్ల వేగం చూపించేవాడు, ఈయన మౌనాన్ని వాడుకున్నాడు. 1969లో రికార్డు చేసిన ‘ద థ్రిల్ ఈజ్ గాన్’లో పాట కంటే ముందు మాట్లాడేది గిటారే. జీవితమంతా అవే పలుకులు తిప్పితిప్పి వాయించాడన్నది రెండో ఫిర్యాదు. వాయించాడు, నిజమే. ఘంటసాల గొంతు ప్రతి పాటలోనూ ఘంటసాల గొంతులాగే ఉందని ఎవరూ తప్పుపట్టరు మరి. లూసిల్‌ను వాయిద్యంగా లెక్కేస్తేనే ఈ ఫిర్యాదుకు చోటు.

1988లో రాక్ బృందం యూ2 మీద వచ్చిన సినిమాలో, గిటార్‌ను వంతకు పెట్టని ఆ తీరు కళ్లకు కట్టినట్టు కనిపిస్తుంది. తనకంటే ముప్పై ఏళ్లకు పైగా చిన్నవాళ్ల ముందు, కార్డ్స్ తన వల్ల కాదని కింగ్ మొహమాటం లేకుండా చెప్పేస్తాడు. ఆ పని తమ గిటారిస్టు ఎడ్జ్ చూసుకుంటాడంటాడు బృందం గాయకుడు బోనో.