నాలుక మీద 50 హెర్ట్జ్‌ల తిమ్మిరి

బిలాస్‌పూర్ రైల్వే కాలనీల్లో తరతరాలుగా ఉంటున్న తెలుగు కుటుంబాలకు మిరప ఘాటు కొత్తేమీ కాదు. అయినా చైనాలోని సిచువాన్ ప్రాంతపు వంటకం ‘మాపో టోఫూ’ను ఇంట్లో వండినప్పుడు ఒకచోట తేడా కొట్టవచ్చు. కారం బాగానే కుదురుతుంది కానీ, పెదవులు జివ్వుమని తిమ్మిరెక్కవు. సిచువాన్ మిరియాలు దొరక్క మన మిరియాల పొడి వేస్తే జరిగేది ఇదే. పేరులో మిరియం ఉన్నా ఈ రెండూ చుట్టాలు కావు. సిచువాన్ మిరియం నిమ్మ, నారింజల కుటుంబానికి చెందినది.

మిరపలోని క్యాప్సైసిన్, మన మిరియాల్లోని పైపరిన్ రెండూ నాడుల చివర ఉండే టీఆర్‌పీవీ1 అనే గ్రాహకాన్ని తట్టిలేపుతాయి. నిజానికి ఇది సుమారు 43 డిగ్రీల సెల్సియస్ దాటిన వేడిని పసిగట్టే గ్రాహకం. కారం తిని ‘నోరు మండింది’ అనడం అందుకే. 1997లో దీన్ని గుర్తించిన బృందానికి నాయకుడైన డేవిడ్ జూలియస్ 2021లో వైద్య నోబెల్ పంచుకున్నారు.

సిచువాన్ మిరియంలోని హైడ్రాక్సీ ఆల్ఫా సాన్షూల్ దారి వేరు. స్పర్శను, సన్నని కంపనాలను మెదడుకు చేరవేసే నాడీ తంతువులను అది ప్రేరేపిస్తుంది. లండన్ యూనివర్సిటీ కాలేజీ పరిశోధకులు కొందరి పెదవులకు ఈ మిరియం పూసి, వేలికి యంత్రంతో కంపనాలు అందించారు. రెండూ ఎప్పుడు ఒకే వేగంతో ఉన్నట్టు అనిపిస్తోందో చెప్పమన్నారు. 2013లో వెలువడిన ఫలితం: దాదాపు 50 హెర్ట్జ్, అంటే సెకనుకు 50 సార్లు. బిలాస్‌పూర్ మీదుగా పోయే రైళ్లకు పైతీగలో అందే 25 వేల వోల్టుల కరెంటు పౌనఃపున్యమూ ఇంతే. అది కాకతాళీయమే అనుకోండి! పెదవి నిజంగా కదలదు. కదులుతున్నట్టు నాడులు కబురు పంపుతాయి. కాబట్టి ఆ తిమ్మిరి రుచి కాదు, స్పర్శ.

ఈ మిరియం దాయాదులు మన దేశంలోనూ ఉన్నాయి. హిమాలయ ప్రాంతాల్లో తిమూర్, కొంకణ తీరంలో చేపల పులుసులో వేసే తిర్ఫల్ అలాంటివే. తిర్ఫల్ శాస్త్రీయ నామం ‘జాంథోజైలమ్ రెట్సా’. ఇందులోని రెట్సా తెలుగు మాటే! సామర్లకోటలో పనిచేసిన వృక్షశాస్త్రవేత్త విలియం రాక్స్‌బర్గ్ ఈ చెట్టుకు మనవాళ్ల ‘రచ్చమాను’ పేరునే పెట్టారు. దీని నీడన కొండ ప్రజలు సమావేశమై ఊరి వ్యవహారాలు తేల్చుకునేవారని కూడా రాశారు. సిచువాన్ మిరియం లేనప్పుడు వీటిలో ఏది వాడినా వాసన కాస్త మారుతుంది గానీ తిమ్మిరి దక్కుతుంది.

ఇక వంట. ముందుగా టోఫూ ముక్కల్ని ఉప్పు వేసిన వేడి నీళ్లలో, తెర్లనివ్వకుండా, ఐదు నిమిషాలు ఉంచాలి. సోయా ప్రొటీన్ల వల బిగుసుకుని ముక్కలు అంత తేలిగ్గా చితకవు. బాణలిలో నూనె కాగాక పోర్క్ ఖీమా వేసి వేయించాలి.

ఇక్కడ తొందర పనికిరాదు. మాంసాన్ని ఖీమా కొట్టినప్పుడు పైన ఉన్న బ్యాక్టీరియా లోపలికీ చేరుతుంది. అందుకే లోపల కూడా 71 డిగ్రీలు దాటేలా ఉడకాలి. బద్దెపురుగు భయమూ చాలామందికి ఉంది, అయితే అందులో సగమే నిజం. సరిగా ఉడకని మాంసంలోని తిత్తుల వల్ల పురుగు పేగుల్లో పెరుగుతుంది. మూర్ఛ తెచ్చే మెదడు తిత్తులకు కారణం మాత్రం ఆ పురుగు గుడ్లు. పురుగు ఉన్న మనిషి మలం నుంచి అవి నీళ్లకు, కూరగాయలకు, చేతులకు అంటుకుంటాయి. అంటే మాంసం ముట్టనివారికీ ఆ జబ్బు రావచ్చు. మాంసం బాగా ఉడికించడం ఎంత ముఖ్యమో, చేతులు, ఆకుకూరలు కడుక్కోవడం అంతే ముఖ్యం.

మాంసం వేగాక మిరప, బాకలా చిక్కుళ్లను పులియబెట్టి చేసే డౌబాన్‌జియాంగ్ ముద్ద వేసి, నూనె ఎర్రగా తేలేదాకా వేయించాలి. మిరపలోని ఎరుపు, కారం రెండూ నూనెలోనే బాగా కరుగుతాయి. అది దొరక్కపోతే పండుమిరప ముద్ద, సోయా సాస్ వాడొచ్చు. పులిసిన ముద్దలోని కమ్మదనం మాత్రం రాదు. తర్వాత కొద్దిగా నీళ్లు, టోఫూ వేసి, గరిటె వెనకవైపుతో మెల్లగా తోస్తూ ఉడికించాలి. కార్న్‌ఫ్లోర్‌ను చన్నీళ్లలో కలిపి పోస్తే పులుసు చిక్కబడుతుంది. పొడిగానే వేస్తే పైపొర జిగురై ఉండలు కడుతుంది.

సిచువాన్ మిరియాల్లో నల్ల గింజలు తీసేసి, తొక్కను మాత్రమే దోరగా వేయించి పొడి చేయాలి. సాన్షూల్ ఎక్కువసేపు వేడికి నిలవదు కనుక, ఆ పొడిని స్టవ్ కట్టేశాకే చల్లాలి. మొదటిసారికి అర చెంచా చాలు.