వార్తల్లో పదం: శక్కర్‌నగర్

బోధన్ చక్కెర ఫ్యాక్టరీ మళ్లీ తెరుస్తారట అన్న మాట ఎన్నికలొచ్చినప్పుడల్లా లేస్తుంది. దాంతోపాటే శక్కర్‌నగర్ పేరూ పేపర్లకెక్కుతుంది. బోధన్‌ను ఆనుకుని, ఆ ఫ్యాక్టరీ నడిపిన నిజాం షుగర్స్ కోసం వెలసిన కాలనీ ఇది.

1931లో మంజీర మీద నిజాంసాగర్ పూర్తయ్యాక కాలువ నీళ్లు ఇక్కడి నల్లరేగళ్లకు చేరాయి. చెరకు దాదాపు ఏడాది పాటు నీళ్లు తాగే పంట. నరికిన గడ బండి మీద రెండు రోజులు ఎండితే బరువూ పోతుంది, తీపీ పోతుంది. కాబట్టి మిల్లు చేనుకు దగ్గరుండాలి. అలా 1937లో ఫ్యాక్టరీ వచ్చింది. ఒకప్పుడు ఆసియాలోనే పెద్దదని పేరు.

కరీబియన్‌లో సెయింట్ కిట్స్ అనే దీవిదీ చెరకు కథే, కాకపోతే నెత్తుటిది. అగ్నిపర్వతం చుట్టూ 168 చదరపు కిలోమీటర్ల నేల. ఇంగ్లిషు, ఫ్రెంచి వలసదారులు 1626లో స్థానిక కాలినాగోలను ఊచకోత కోశారు. తర్వాత ఆఫ్రికా బానిసల చేత తోటలు సాగు చేయించారు. అక్కడ చక్కెర పరిశ్రమ 2005లో మూతపడింది. చెరకు మోసిన చిన్న రైలు ఇప్పుడు టూరిస్టులను తిప్పుతోంది.

మూతపడటంలో బోధన్‌దీ అదే దారి: 2002లో ఫ్యాక్టరీలో 51 శాతం వాటా ప్రైవేటుకు, 2015 డిసెంబరులో లేఆఫ్. ఈలోగా రైతులు వరికి, సోయాకు మళ్లారు. రేపు మిల్లు తెరిచినా గానుగకు చెరకు ఎవరు వేస్తారన్నది తేలాలి.