పేరు విమానం ఎక్కదు: లయ, అబ్బాస్ మనకు చెప్పేదేంటి?

ఈ ఎపిసోడ్‌లో సినిమా రివ్యూ లేదు. సినిమాలు వదిలి, వేరే దేశం పోయి, మళ్లీ మొదటి నుంచి మొదలుపెట్టిన ఇద్దరి గురించి మాట్లాడుకుందాం.

మొదట లయ గారు. మన విజయవాడ అమ్మాయి. 1999లో ‘స్వయంవరం’తో హీరోయిన్ అయ్యారు. ‘మనోహరం’కి 2000 సంవత్సరానికి, ‘ప్రేమించు’కి 2001కి, వరుసగా రెండేళ్లు ఉత్తమ నటిగా నంది అవార్డులు. 2006లో పెళ్లి చేసుకుని అమెరికాలోని లాస్ ఏంజిలిస్ వెళ్లిపోయారు.

అక్కడ ఏం చేశారు? ఇల్లు, పిల్లలు, కొన్నేళ్లు ఐటీ ఉద్యోగం కూడా. ఒక్కసారి ఆలోచించండి. ఇక్కడ రోడ్డు మీద కనపడితే జనం మూగుతారు. అక్కడి ఆఫీసులో నంది అంటే ఏంటో తెలిసినవాళ్లు ఎంతమంది ఉంటారు? ఉద్యోగానికి అడిగేది ఒకటే: ఈ పని నీకు వచ్చా, రాదా?

రెండో మనిషి అబ్బాస్. ఈ పేరు మీకు తెలియకపోతే ఇంట్లో బాబాయిని అడగండి. 1996లో వచ్చిన తమిళ ‘కాదల్ దేశం’ మన దగ్గర ‘ప్రేమదేశం’ అయింది. అప్పట్లో కుర్రాళ్లు ఆయన హెయిర్ స్టైల్ కావాలని కటింగ్ షాపుల్లో కూర్చునేవాళ్లు. అలాంటి హీరో తర్వాత కుటుంబంతో న్యూజిలాండ్ పోయారు. పెట్రోల్ బంకులో, బైక్ మెకానిక్‌గా, బిల్డింగ్ పనుల్లో చేశానని ఇంటర్వ్యూల్లో ఆయనే చెప్పారు. దాచలేదు. చిన్నప్పుడు చదువులో ఫెయిలై చనిపోవాలనుకున్నానని కూడా చెప్పారు. అలాంటి ఆలోచనల్లో ఉన్న టీనేజ్ పిల్లలతో మాట్లాడడానికి పబ్లిక్ స్పీకింగ్ కోర్సు చేశారు.

ఇప్పుడు మన సంగతికి వద్దాం. నంద్యాల, ఆళ్లగడ్డ వైపు నుంచి ఎంతోమంది చదువుకని విదేశాలకు పోతున్నారు. ఊర్లో కాలేజీ టాపర్, నాన్నకు మంచి పేరు. అక్కడ దిగినాక ఆ పేరు ఎవరికీ తెలీదు. గిన్నెలు కడగాలి, షాపులో నిలబడాలి. వీడియో కాల్‌లో అమ్మ “ఏం పని చేస్తాండావు నాయనా?” అంటే అబద్ధం చెప్తారు. పని కంటే ఆ అబద్ధమే ఎక్కువ బరువు.

పనిలో సిగ్గు లేదు. కానీ ఒక జాగ్రత్త. అమెరికా ఎఫ్-1 వీసాలో ఉన్నవాళ్లు, సెమిస్టర్ నడిచేటప్పుడు క్యాంపస్ లోపల వారానికి 20 గంటల వరకే పని చేయాలి. అనుమతి లేకుండా బయట చేస్తే వీసాకే ముప్పు. సిగ్గుపడాల్సిన పని వేరు, చట్టం ఒప్పుకోని పని వేరు. ఈ రెండూ కలిపేసుకోవద్దు.

ఇంకో మాట. వదిలేసి పోతే తలుపు మూసుకుపోయినట్టు కాదు. లయ గారు 2025లో ‘తమ్ముడు’ సినిమాతో మళ్లీ తెర మీదకొచ్చారు. మధ్యలో గడిచిన ఏళ్లు వృథా కాలేదు, అది కూడా జీవితమే.

పేరు విమానం ఎక్కదు ఫ్రెండ్స్. మీతో పాటు వచ్చేది నేర్చుకునే గుణం ఒక్కటే. పోయేవాళ్లు దాన్ని సర్దుకోండి. ఇంట్లో ఉండే పెద్దవాళ్లు ఈసారి కాల్ చేసినప్పుడు జీతం సంగతి పక్కనపెట్టి, “తిన్నావా, నిద్రపోతాండావా?” అని ముందు అడగండి. అప్పుడు వాళ్లు నిజం చెప్తారు.