వాల్‌హైమ్ ఆటలో స్థలబద్ధమైన బాస్‌లు: పాలమూరు, నల్లగొండ దేవతలతో ఒక పోలిక

స్వీడన్‌కు చెందిన ఐరన్ గేట్ సంస్థ 2021 ఫిబ్రవరిలో విడుదల చేసిన వాల్‌హైమ్ వీడియో గేమ్‌లో లోకం పచ్చిక మైదానం, కారడవి, చిత్తడినేల, మంచుకొండ వంటి బయోమ్‌లుగా విభక్తమై ఉంటుంది. చాలా బయోమ్‌లకు ఒక్కో బాస్ ఉంటుంది. వాటిలో ఎక్కువవాటిని రప్పించాలంటే నిర్ణీత వస్తువును బలిపీఠంపై అర్పించాలి. మైదానంలోని ఐక్తిర్‌కు రెండు జింక తలలు, చిత్తడినేలలోని బోన్‌మాస్‌కు పది ఎముకలు. బాస్‌ను చంపితే లభించేది తరువాతి నేలకు దారి. ఐక్తిర్ కొమ్ముతో చేసిన పనిముట్టుతో కారడవిలో రాగి, తగరం తవ్వుతారు. కారడవి బాస్ ఎల్డర్ వదిలే తాళంచెవి చిత్తడినేల సమాధులను తెరుస్తుంది. ఇనుము అక్కడ ఉంటుంది. బోన్‌మాస్ వదిలే ఎముక కొండల్లో పూడుకుపోయిన వెండి జాడ చెబుతుంది.

బాస్‌ను ‘రాక్షసుడు’ అని అనువదిస్తే ఈ స్థలబద్ధత లోపిస్తుంది. పాలమూరు, నల్లగొండ ప్రాంతాల గ్రామదేవతలు ఇంతకంటే దగ్గరి పోలిక. చెరువుకట్టకు కట్టమైసమ్మ ఉంది. అమ్రాబాద్ పీఠభూమి చెంచులకు అడవి, వేటజంతువులు గారెలమైసమ్మ అధీనం. హైమెన్‌డార్ఫ్ 1943 నాటి తన చెంచుల గ్రంథంలో ఈ దేవతను వర్ణించాడు. అయితే చెంచుల అర్పణ వేట ఫలించాక ఆమెకు చెల్లించే భాగం. ఆటలోని అర్పణ పోరుకు పిలుపు. గారెలమైసమ్మను దాటిపోవలసిన అవసరం ఎవరికీ లేదు. ఐక్తిర్ ఉన్నదే దాటిపోవడానికి. ఒక్కచోట మాత్రం ఈ భేదం పలచబడుతుంది: చంపిన బాస్ తలను ఆరంభస్థలంలోని శిలకు తగిలిస్తే, దాని శక్తిని ఆటగాడు వరంగా పొందుతాడు.